మన ఇంటి సినిమా: ఏం చూపాలి, ఏం దాచాలి?

భవానీపురంలో మా ఇంటి ముందుగదిలో ఫ్యాను ఆపేసి, కిటికీ మూసి, అమ్మను కుర్చీలో కూర్చోబెట్టాం. ఫ్యాను తిరుగుతుంటే మాటకంటే దాని చప్పుడే ఎక్కువగా రికార్డవుతుంది. మే నెల. చెమటలు కారుతుండగా మేమిద్దరం, అక్కా తమ్ముడూ, నేలమీద కూర్చున్నాం. ఒకరి చేతిలో ఫోను, ఇంకొకరి చేతిలో ప్రశ్నలు రాసుకున్న నోటుబుక్కు. అమ్మ దివిసీమలో తన చిన్నతనం చెప్పింది. 1977 ఉప్పెన చెప్పింది. ఊడ్పులకు వెళ్ళిన చేలు, ఆ చేల ఆసాముల పేర్లు, బడిలో తనను కూర్చోబెట్టిన మూల, అన్నీ చెప్పింది. నలభై నిమిషాలయ్యాక ఒక ప్రశ్న అడిగాం. అమ్మ ఫోను వంక చూసి, "ముందు అది ఆపండి" అంది.

ఆపాం. ఆ ప్రశ్న ఏమిటో ఈ వ్యాసంలో రాయడం లేదు. ఎందుకు రాయడం లేదో చెప్పడానికే ఈ వ్యాసం.

మా ఇద్దరిలో ఒకరికి ఇది పిహెచ్‌డి పని. దళిత కుటుంబాలు తమ కథను తామే కెమెరాలో చెప్పుకుంటే ఏమవుతుందన్నది పరిశోధనాంశం. ఇంకొకరికి ఇది మన అమ్మ, మన ఇల్లు, అంతే. ఇప్పుడు ప్రతి విద్యార్థి చేతిలోనూ కెమెరా ఉంది. అమ్మమ్మ మాటలు, తాత పాటలు, నాన్న పనిచేసిన చోటు రికార్డు చేసుకోవాలని చాలామంది అనుకుంటున్నారు. చేయాలి కూడా. అయితే ఈ రకం సినిమాకు లోకంలో ఒక పద్ధతి ఏర్పడి ఉంది. ఆ పద్ధతిని ఉన్నదున్నట్టు మన ఇళ్ళలోకి తెచ్చుకుంటే నష్టపోయేది మన ఇంటివాళ్ళే.

వ్యక్తిగత డాక్యుమెంటరీ అంటే

మామూలు డాక్యుమెంటరీలో తీసేవాళ్ళు ఒకరు, కనిపించేవాళ్ళు ఇంకొకరు. వ్యక్తిగత డాక్యుమెంటరీలో ఆ గీత చెరిగిపోతుంది. తీసే మనిషి 'నేను' అంటూ మాట్లాడతారు. ఇంట్లోవాళ్ళే పాత్రలు. పాత ఫోటోలు, ఉత్తరాలు, పెళ్ళి వీడియోలు, ఫోను సంభాషణలే ముడిసరుకు. అమెరికాలో మార్లన్ రిగ్స్ 1989లో తీసిన 'టంగ్స్ అన్‌టైడ్' ఈ దారిలో పెద్ద మలుపు. నల్లజాతివాడిగా, స్వలింగ ప్రేమికుడిగా తాను పడ్డ అవమానాన్ని తన ముఖంతో, తన గొంతుతోనే చెప్పాడు. కెనడాకు చెందిన సారా పోలీ 2012లో 'స్టోరీస్ వి టెల్' తీసింది. తన అసలు తండ్రి ఎవరన్నది అందులో బయటపడుతుంది. మన దేశంలో ఆనంద్ పట్వర్ధన్ దశాబ్దాల పాటు ఉద్యమాలను చిత్రించాక, తన తల్లిదండ్రుల మీదకు కెమెరా తిప్పి 'వసుధైవ కుటుంబకం' (2023) తీశాడు. అదే ఏడాది జ్యోతి నిషా 'డాక్టర్ బి.ఆర్. అంబేడ్కర్: నౌ అండ్ దెన్' వచ్చింది. అంబేడ్కర్ గురించి తీస్తూ, బహుజన స్త్రీగా తన ప్రయాణాన్ని కూడా ఆమె ఆ సినిమాలోకి తెచ్చింది.

ఇలాంటి సినిమా మనకు ఎందుకు అవసరం? దళితుల మీద వచ్చిన డాక్యుమెంటరీల్లో ఎక్కువ భాగం అత్యాచారం జరిగాక వచ్చినవి. పట్వర్ధన్ 'జై భీమ్ కామ్రేడ్' (2011) ముంబై రమాబాయి నగర్‌లో 1997లో పోలీసులు పదిమందిని కాల్చి చంపడంతో మొదలవుతుంది. స్టాలిన్ కె. తీసిన 'ఇండియా అన్‌టచ్డ్' (2007) అంటరానితనం ఇంకెక్కడుంది అనేవాళ్ళ నోరు మూయించింది. ఇవి లేకపోతే చాలా అబద్ధాలు చెల్లుబాటయ్యేవి. కానీ వీటిలో మనం కష్టం వచ్చిన రోజు మాత్రమే కనిపిస్తాం. ఏమీ జరగని మంగళవారం మనవాళ్ళు ఏం వండుకున్నారు, దేనికి నవ్వుకున్నారు, పిల్లకు ఏ పేరు పెడదామని తగువులాడుకున్నారు అన్నది ఎక్కడా ఉండదు. వ్యక్తిగత డాక్యుమెంటరీ ఆ మంగళవారాన్ని నిలబెడుతుంది.

చరిత్ర కూడా ఇంట్లో ఇంకోరకంగా ఉంటుంది. కంచికచర్లలో కోటేశును సజీవంగా తగలబెట్టింది 1968లో అని పుస్తకాల్లో ఉంది. కంచికచర్ల మా భవానీపురం మీదుగా హైదరాబాదు వెళ్ళే రోడ్డులోనే వస్తుంది. ఆ సంఘటన తర్వాత మా నాయనమ్మ మగపిల్లల్ని చీకటి పడ్డాక ఆ రోడ్డు వైపు వెళ్ళనిచ్చేది కాదట. నాన్న లారీ క్లీనరుగా ఆ రోడ్డుమీదే బతికాడు. అయినా రాత్రిపూట అక్కడ టీకి దిగేవాడు కాదు. ఒక హత్య ఒక ఇంట్లో ఇరవై ఏళ్ళ తర్వాత కూడా టీ తాగకపోవడంగా మిగిలి ఉంటుంది. ఇది ఏ కమిషన్ నివేదికలోనూ దొరకదు. అడిగితే అమ్మ చెబుతుంది.

ఆల్బమ్ లేని ఇళ్ళు

పనికి దిగగానే మాకు ఎదురైన మొదటి ఇబ్బంది ముడిసరుకు లేకపోవడం. విదేశీ సినిమాల్లో తాతల కాలంనాటి ఇంటి వీడియోలు కూడా ఉంటాయి. మన ఇంట్లో తాత ఫోటో ఒక్కటి కూడా లేదు. నాయనమ్మకు ఉన్న ఒకే ఒక ఫోటో ఓటరు కార్డులోది. ఆమె పోయాక దాన్నే స్టూడియోలో పెద్దది చేయించి, వెనక నీలం రంగు వేయించి, దండ వేశాం. ఇది మా ఒక్క ఇంటి సంగతి కాదు. పల్లెలో చాలా ఇళ్ళ గోడల మీద ఉన్నది ఎన్నికల సంఘం తీసిన ముఖమే. కోపంగానో బెదురుగానో ఉంటుంది. ఆ రోజు వాళ్ళు క్యూలో నిలబడి ఉన్నారు మరి.

ఉన్న కొద్దిపాటి కాగితాలనూ నీళ్ళు తినేశాయి. అమ్మవాళ్ళవి ఉప్పెనలో పోయాయి. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి విజయవాడ కాలనీల్లోకి నీళ్ళొచ్చినప్పుడు మా ట్రంకుపెట్టె రెండు రోజులు నానింది. పెళ్ళి ఫోటోలు ఒకదానికొకటి అతుక్కుపోయాయి. విడదీస్తే ముఖాలు ఊడొచ్చాయి. లోతట్టు జాగాల్లో ఎవరి ఇళ్ళుంటాయో, వాళ్ళ జ్ఞాపకాలే ముందుగా మునుగుతాయి.

లేని బొమ్మను ఎలా చూపించాలి? కంబోడియా దర్శకుడు రితీ పాన్ దీనికి ఒక జవాబు చెప్పాడు. ఖ్మేర్ రూజ్ పాలనలో అతని కుటుంబం నాశనమైంది. ఆ రోజులకు మిగిలినవి ప్రభుత్వం తీసుకున్న ప్రచార చిత్రాలే. 'ది మిస్సింగ్ పిక్చర్' (2013)లో అతను మట్టితో చిన్న బొమ్మలు చేయించి, వాటితో తన వాళ్ళ కథ చెప్పాడు. మట్టి బొమ్మ కదలదు, పెదవి విప్పదు. అసలు ఫోటో లేదన్న నిజాన్ని అది దాచదు కూడా.

మన తెలుగు నేల మీద ఇదే పని అక్షరాల్లో జరిగింది. సుజాత గిడ్ల 'యాంట్స్ అమాంగ్ ఎలిఫెంట్స్' (2017) తల్లి మంజుల, మేనమామ కె.జి. సత్యమూర్తి జ్ఞాపకాల మీద నిలబడ్డ పుస్తకం. శివసాగర్‌గా కవిత్వం రాసిన సత్యమూర్తిని ఉద్యమాలు ఎరిగినవాళ్ళకు కొత్తగా చెప్పక్కర్లేదు. ఆ పుస్తకంలో మాత్రం ఆయన ఒక చెల్లికి అన్న, ఒక అవ్వ పెంచిన మనవడు. గుడివాడ, గుంటూరు, విజయవాడ, కాకినాడ ఒక మాల క్రైస్తవ కుటుంబం కంటితో కనిపిస్తాయి. వై.బి. సత్యనారాయణ 'మా నాయన బాలయ్య'లో తెలంగాణలో రైల్వే పనికి వచ్చిన మాదిగ కుటుంబం మూడు తరాల కథ ఉంది. ఫోటోలు లేకపోయినా మాట ఉంది. మన ఇళ్ళకు ఆల్బమ్ మాటే. కాబట్టి కెమెరా కంటే ముందు మంచి మైకు కొనుక్కోండని విద్యార్థులకు మేం చెబుతుంటాం.

సంఘం షాట్

కెమెరా ఎక్కడ పెట్టాలన్న ప్రశ్నకు తెలుగునాట చదువురాని ఆడవాళ్ళు చాలాకాలం కిందటే జవాబు చెప్పారు. జహీరాబాదు దగ్గర పస్తాపూర్‌లో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల మహిళలు 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్టు పెట్టుకున్నారు. ఎక్కువమంది దళిత స్త్రీలు, మెట్టచేలలో పనిచేసేవాళ్ళు. వరంగల్ జిల్లాలో బీటీ పత్తి రైతులను ఎలా ముంచిందో సీజను తర్వాత సీజను వెళ్ళి చిత్రీకరించారు. 2008లో మాచనూరులో సంఘం రేడియో నడపడం మొదలుపెట్టారు.

వాళ్ళు కెమెరా నేర్చుకునేటప్పుడు ఇంగ్లీషు పేర్లు పక్కనపెట్టి, షాట్లకు తమ అనుభవం నుంచి పేర్లు పెట్టుకున్నారు. ఎత్తులో ఉన్న పటేలుకూ, అతని ముందు నిలబడ్డ బానిసకూ మధ్య చూపు ఎలా నడుస్తుందో దాన్నిబట్టి ఎత్తుపల్లాల షాట్లకు పేర్లు వచ్చాయి. మనిషి కంటి ఎత్తులో కెమెరా పెట్టి తీసేదాన్ని మాత్రం సంఘం షాట్ అన్నారు. సంఘంలో అందరూ చాపమీద సమానంగా కూర్చుంటారు కదా.

ఇది మాకు సినిమా పాఠాలన్నిటికంటే పెద్ద పాఠం. చదువుకుని పట్నం నుంచి ఇంటికొచ్చిన కొడుకో కూతురో ఫోను పట్టుకుంటే, తెలియకుండానే ఆ ఫోను ఎత్తులోకి వెళ్తుంది. అమ్మ యాస, పగిలిన మడమలు, పాత నైటీ మనకు 'మంచి విజువల్స్'గా కనిపిస్తాయి. మన యూనివర్సిటీ స్నేహితులకు చూపించుకోవడానికి అమ్మ పేదరికాన్ని వాడుకుంటాం. సొంత కులం, సొంత రక్తం అయినంత మాత్రాన షాటు దానంతటదే సంఘం షాటు అయిపోదు.

బయటివాళ్ళు తీస్తే జరిగేది మనకు తెలిసిందే. దళిత స్త్రీలు ముందుండి నడుపుతున్న 'ఖబర్ లహరియా' పత్రిక మీద తీసిన 'రైటింగ్ విత్ ఫైర్' 2022లో ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్ళింది. అప్పుడే ఆ పత్రికవాళ్ళు, తమ పనిని ఈ సినిమా అసంపూర్ణంగా చూపించిందని బహిరంగంగా చెప్పారు. లోకమంతా మెచ్చుకున్నాక చెప్పడం కంటే, కూర్పు ముగియక ముందే చెప్పగలిగే వీలుంటే ఎంత బాగుండేది!

ఇంటి మాట సాక్ష్యమైపోతే

ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. సారా పోలీ సినిమాలో కుటుంబ రహస్యం బయటపడితే ఇంటివాళ్ళు బాధపడ్డారు, సర్దుకున్నారు. మన ఇళ్ళలో ఒక మాట బయటపడితే సర్టిఫికెట్ పోవచ్చు, ఉద్యోగం పోవచ్చు, కేసు కొట్టేయవచ్చు.

రోహిత్ వేముల 2016 జనవరి 17న చనిపోయాడు. ఆ తర్వాత దేశం చర్చించిన వాటిలో పెద్దది అతని తల్లి కులం. మాల కుటుంబంలో పుట్టి వడ్డెర ఇంట్లో పెరిగానన్న రాధిక మాటను, ఆమె పెళ్ళిని, పిల్లల్ని ఒంటరిగా పెంచిన తీరును కమిషన్, కలెక్టరు కార్యాలయం, పోలీసులు, టీవీ ఛానళ్ళు ముక్కలు ముక్కలుగా పరీక్షించాయి. తల్లి ఎస్సీ అయి, పిల్లలు ఆమె దగ్గరే పెరిగి ఆ వివక్షనే అనుభవిస్తే, ఆ సంగతిని రుజువు చేసుకునే అవకాశం పిల్లలకు ఉందని సుప్రీంకోర్టు 2012లోనే రమేశ్‌భాయ్ దభాయ్ నాయికా కేసులో చెప్పింది. అయినా రూపన్వాల్ కమిషన్ రోహిత్ దళితుడు కాదంది. 2024 మేలో తెలంగాణ పోలీసులు కేసు మూసివేత నివేదికలో అదే రాశారు. నిరసనలు వచ్చాక మళ్ళీ దర్యాప్తు చేస్తామన్నారు. దీపా ధన్‌రాజ్ 'వి హావ్ నాట్ కమ్ హియర్ టు డై' (2018) ఆ ఉద్యమాన్ని రికార్డు చేసింది. రోహిత్ మీదే పి.ఎన్. రామచంద్ర తీసిన ఇంకో డాక్యుమెంటరీకి 2017లో కేరళ చిత్రోత్సవంలో ప్రదర్శనకు కేంద్ర మంత్రిత్వ శాఖ మినహాయింపు ఇవ్వలేదు. ఒక తల్లి తన బతుకు చెప్పుకుంటే అది పరాయివాళ్ళ చేతిలో దస్త్రమైపోయింది. ఆ బతుకు మీద తీసిన సినిమాకు తెర దొరకలేదు.

డెల్టాలో ఇంకో సంగతి ఉంది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు మూడో పేరా షెడ్యూల్డు కులాల హోదాను మతానికి కట్టేసింది. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవులను, ముస్లింలను చేర్చలేదు. క్రైస్తవంలోకి మారిన ఎస్సీలు ఆంధ్రప్రదేశ్‌లో బీసీ-సి అవుతారు. వాళ్ళకున్న రిజర్వేషను ఒక్క శాతం. మరి కృష్ణా, గుంటూరు పల్లెల్లో మనవాళ్ళకు మొదటి బడి పెట్టింది మిషనరీలు. అక్షరంతోపాటు ప్రార్థన ఇంట్లోకి వచ్చింది. మతం మారితే ఊళ్ళో కులం మారలేదు, బావి మారలేదు, శ్మశానం మారలేదు. 2024 నవంబరులో సుప్రీంకోర్టు సెల్వరాణి కేసులో, బాప్తిస్మం తీసుకుని చర్చికి వెళ్తూ రిజర్వేషను కోసం మాత్రం హిందువునంటే అది రాజ్యాంగాన్ని మోసగించడమేనంది. 2025 ఏప్రిల్ నెలాఖరులో మన హైకోర్టు, పాస్టరుగా ఉన్న వ్యక్తి కులం పేరుతో దూషించారని పెట్టిన కేసులో ఎస్సీ, ఎస్టీ చట్టం వర్తించదని కొట్టేసింది. ఈ తీర్పుల మీద మన వాదన మనకుంది. అది గెలిచేదాకా పరిస్థితి ఇది: గోడ మీద వేలాడే ఒక బొమ్మ, భోజనానికి ముందు కళ్ళు మూసుకున్న ఒక్క క్షణం, ఇంట్లో పిలిచే ఒక పేరు, ఏదైనా సరే రేపు ఎవరో తహసీల్దారు ముందు పెట్టే సాక్ష్యం కావచ్చు.

మా ఇంట్లో గోడ మీద ఏముందో మేం చెప్పం. మీ ఇంట్లో ఏముందో మీరూ ఆలోచించకుండా చూపించకండి.

ఆ మౌనం ఎవరిని కాపాడుతోంది?

అలాగని ఇంట్లో ప్రతి రహస్యాన్నీ గౌరవించాలా? వద్దు. ఈ మాట కూడా గట్టిగా చెప్పాలి.

'ఇంటి గుట్టు' అనే మాటను మన ఇళ్ళలో ఎక్కువగా మోసింది ఆడవాళ్ళు. నాన్న కొట్టిన సంగతి, అన్న చదువు కోసం అక్క బడి మాన్పించిన సంగతి, ఉద్యమం పేరుతో ఇల్లు వదిలేసిన మగవాళ్ళ వెనక మిగిలిన అప్పుల సంగతి దాచమంటే, ఆ దాపరికం బలవంతుడి కోసమే. గిడ్ల పుస్తకం విలువ ఇక్కడ ఉంది. మేనమామను ప్రేమిస్తూనే, తల్లి కాపురంలో పడ్డ హింసను ఆమె దాచలేదు. మాల ఇంట్లో మాదిగల గురించి, మాదిగ ఇంట్లో రెల్లివాళ్ళ గురించి అలవోకగా వచ్చే మాటలు కూడా అంతే. 2024 ఆగస్టు 1న సుప్రీంకోర్టు వర్గీకరణ తీర్పు ఇచ్చాక మన మధ్య ఎంత మాట తూలిందో చూశాం. అది మన భోజనాల బల్ల దగ్గర కూడా దొర్లింది. దాన్ని కత్తిరించేసి, ఇల్లంతా అంబేడ్కర్ ఫోటోతో నింపి చూపిస్తే అది ప్రచార చిత్రం.

కాబట్టి మేం మాకు మేం పెట్టుకున్న కొలబద్ద ఒక్కటే. ఈ మౌనం ఎవరిని ఎవరి నుంచి కాపాడుతోంది? ఇంట్లో బలహీనులను ఆసామి నుంచి, ఆఫీసు నుంచి, కోర్టు నుంచి కాపాడుతుంటే దాన్ని తెరిచే హక్కు మనకు లేదు. ఇంట్లో బలవంతుణ్ని బలహీనుల నుంచి కాపాడుతుంటే, దెబ్బ తిన్న మనిషి ఒప్పుకున్నప్పుడు, ఆమె చెప్పినంత మేరకు తెరవాలి. దెబ్బ తిన్న మనిషి అనుమతి లేకుండా మనం నిజాయితీ చూపించుకోవడం ఆమెకు ఇంకో దెబ్బ.

మేం పాటిస్తున్న పద్ధతి

అనుమతి మూడుసార్లు అడుగుతాం. తీయకముందు, తీసిన మర్నాడు, కూర్చి చూపించాక. మొదటిసారి 'సరే' అన్న మనిషి మూడోసారి 'వద్దు' అనవచ్చు. ఆ 'వద్దు' చెల్లుతుంది. చూపించేటప్పుడు ఇంటి టీవీలోనే చూపిస్తాం, రిమోటు సినిమాలో ఉన్న మనిషి చేతిలో ఉంటుంది.

తీసినదంతా మూడు కుప్పలు పోస్తాం. అందరికీ చూపించేది, మనవాళ్ళ మధ్య సంఘంలోనో హాస్టల్లోనో చూపించేది, పెట్టెలో ఉంచేది. ఏది ఏ కుప్పలోకి వెళ్ళాలో తీసినవాళ్ళు ప్రతిపాదిస్తారు, కనిపించేవాళ్ళు నిర్ణయిస్తారు. మనవాళ్ళ మధ్య చూపించేది వాట్సాప్‌లో పంపకూడదు. ఒకసారి పంపితే అది అందరిదీ అయిపోతుంది.

సర్టిఫికెట్లు, ఆధార్, రేషన్ కార్డు దగ్గరగా తీయం. పిల్లల ముఖాలు, బడి పేరున్న యూనిఫాం, ఇంటి నంబరు ఫ్రేములోకి రానివ్వం. ఫోనులో లొకేషన్ ఆపేస్తాం. ముఖం వద్దంటే చేతులు తీస్తాం, చేతులూ వద్దంటే గొంతు, గొంతూ వద్దంటే ఆ మాట జరిగిన చోటు. "ఇక్కడ అమ్మ కెమెరా ఆపమంది" అని నల్లటి తెర మీద రాసి పది సెకన్లు ఉంచడం కూడా సినిమాయే. చూసేవాళ్ళకు అక్కడ ఏదో ఉందని తెలుస్తుంది, ఏముందో తెలియదు. మనం బతికిన బతుకు కూడా అలాంటిదే కదా.

సినిమాకు బహుమతో డబ్బో వస్తే ఎవరిదన్నది ముందే మాట్లాడుకోండి. సెన్సారు సంగతీ తెలుసుకోండి. జనానికి బహిరంగంగా ప్రదర్శించాలంటే 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం కింద సర్టిఫికెట్ కావాలి. చిత్రోత్సవాలు మినహాయింపు తీసుకోవాలి. ఆ మినహాయింపు ఎవరికి ఆగిపోతుందో పైన చూశాం.

అమ్మ కూర్పు

జూన్‌లో ఒక ఆదివారం సాయంత్రం అమ్మకు ఆ నలభై నిమిషాలూ చూపించాం. ఆసాముల పేర్లు తీసేయమంటుందని, బడిలో మూల సంగతి వద్దంటుందని మేం అనుకున్నాం. అవన్నీ ఉంచమంది. "పేర్లు చెప్పకపోతే ఎట్టా? వాళ్ళ చేలకు పేర్లున్నాయి, మాకు లేవా?" అంది. అభ్యంతరం చెప్పింది రెండింటికి. ఒకటి, తాను పాత నైటీలో ఉండటం. "చీర కట్టుకుంటాను, మళ్ళీ తియ్యండి" అంది. రెండోది, వంటగదిలో సర్దని సామాను.

తర్వాత ఆ ప్రశ్న మేమే ఎత్తాం. ఫోను దూరంగా పెట్టాక అమ్మ దానికి జవాబు చెప్పింది. చాలాసేపు చెప్పింది. చివర్న తనే, "ఇప్పుడు పెట్టుకోండి రికార్డు, మళ్ళీ చెప్తా" అంది. ఫ్యాను ఆపాం.

ఆ రికార్డింగ్ ఒక పెన్‌డ్రైవ్‌లో ఉంది. బీరువాలో, బుడమేరు నీళ్ళ తర్వాత మా కాగితాలన్నీ చుట్టిపెట్టిన పాలిథీన్ సంచిలో, సర్టిఫికెట్ల పక్కనే పెట్టింది. ఎప్పుడు తీయాలో తాను చెబుతానంది. బీరువా తాళం అమ్మ దగ్గరే ఉంది.